దక్షిణ కాదు, జీతం

రాజధాని నగరంలో పెద్ద వార్తలకు ఏనాడూ కొరత ఉండదు. మంత్రివర్గ మార్పులు, పార్లమెంటులో వాగ్వాదాలు, విదేశీ నాయకుల రాకపోకలు, ఎన్నికల పొత్తులు - ఈ సందడిలో ఫలానా కళాశాలలో అధ్యాపకులకు నాలుగు నెలలుగా జీతాలు అందలేదన్న వార్తకు లోపలి పేజీలో నాలుగు పంక్తుల చోటు దొరికితే అదే ఎక్కువ. కాని సుప్రీంకోర్టు తీర్పుల సంపుటాలను కొంచెం ఓపికగా తిరగవేసిన వారికి ఒక చేదు నిజం కనబడుతుంది. చేసిన పనికి జీతం ఇప్పించండి అన్న అతి సామాన్యమైన కోరికతో కళాశాల అధ్యాపకులు ఈ దేశ అత్యున్నత న్యాయస్థానం మెట్లు ఎక్కుతూనే ఉన్నారు. ఒక తరం అధ్యాపకులు వేసిన వ్యాజ్యంలో తీర్పు వెలువడేసరికి వారి శిష్యులు కూడా పదవీ విరమణ వయసుకు చేరుకున్న ఉదంతాలున్నాయి.

గురువును దైవంతో పోల్చే శ్లోకం మనదేశంలో రానివారు లేరు. ఆ గురువుకు నెలజీతం ఎవరు ఇవ్వాలన్న ప్రశ్నకు మాత్రం మన చట్టాలలో సూటియైన సమాధానం లేదు. ప్రభుత్వం యాజమాన్యాన్ని చూపుతుంది. యాజమాన్యం ప్రభుత్వాన్ని చూపుతుంది. విశ్వవిద్యాలయం తన పని పరీక్షలు జరిపి పట్టాలు ఇవ్వడమే అంటుంది. ముగ్గురూ కలిసి చివరకు అధ్యాపకునికి న్యాయస్థానాన్ని చూపుతారు.

పన్నెండు కళాశాలల కథ

ఈ స్థితికి ఉదాహరణ కోసం ఢిల్లీ దాటి పోవలసిన పనిలేదు. ఢిల్లీ విశ్వవిద్యాలయం పరిధిలో ఉన్న కళాశాలలకు నిధులు వచ్చే మార్గాలు మూడు రకాలు. ట్రస్టులు నడిపే కళాశాలల నిర్వహణ ఖర్చులో నూటికి తొంభైఐదు వంతులు విశ్వవిద్యాలయ గ్రాంట్ల సంఘం ఇస్తుంది. మిగిలిన అయిదు వంతులు ట్రస్టు భరిస్తుంది. తిరుమల తిరుపతి దేవస్థానం ఆధ్వర్యంలో 1961లో వెలసిన శ్రీ వెంకటేశ్వర కళాశాల ఈ కోవకు చెందినదే. ఢిల్లీ ప్రభుత్వంతో సంబంధమున్న ఇరవైఎనిమిది కళాశాలల్లో పదహారింటికి ఆ ప్రభుత్వం అయిదు వంతులు మాత్రమే ఇస్తుంది. మిగిలిన పన్నెండు కళాశాలల పూర్తి భారం ఢిల్లీ ప్రభుత్వానిదే. ఆచార్య నరేంద్రదేవ్, దీన్‌దయాళ్ ఉపాధ్యాయ, భీమ్‌రావ్ అంబేద్కర్, భాస్కరాచార్య, మహారాజా అగ్రసేన్, అదితి మహావిద్యాలయ మొదలైనవి ఈ పన్నెండింటిలోనివి. వీటిలో ఎక్కువ భాగం 1980ల చివరిలోనూ 1990లలోనూ పుట్టినవి. అధ్యాపకుల నియామక నిబంధనలు విశ్వవిద్యాలయానివి, డబ్బు మాత్రం రాష్ట్ర ప్రభుత్వానిది. పేచీకి పునాది ఇక్కడే పడింది.

కళాశాల పాలకమండలిలో తమ ప్రతినిధులను నియమించడంలో విశ్వవిద్యాలయం జాప్యం చేస్తున్నదని ఆరోపించి 2017 జులైలో ఢిల్లీ ప్రభుత్వం ఇరవైఎనిమిది కళాశాలలకూ నిధులు నిలిపివేయవలసిందిగా ఆదేశించింది. 2020లో వివాదం మరింత ముదిరింది. కళాశాలలు బ్యాంకుల్లో డబ్బు దాచుకొని లేదంటున్నాయని ప్రభుత్వం అన్నది. ఇస్తున్న గ్రాంటు జీతాలకే చాలడం లేదని అధ్యాపక సంఘం అన్నది. కరోనా వ్యాధి దేశాన్ని కుదిపివేస్తున్న ఆ రోజులలో, ఇళ్లల్లో కూర్చుని ఫోన్ల ద్వారా పాఠాలు చెబుతున్న అధ్యాపకులు నెలల తరబడి జీతాల కోసం ఎదురుచూశారు. ఆ ఏడాది అక్టోబరులో ప్రభుత్వం ఒక విచిత్రమైన ఉత్తర్వు జారీ చేసింది. విద్యార్థుల వద్ద వసూలు చేసిన విద్యార్థి సంక్షేమ నిధి నుంచి బకాయి జీతాలు చెల్లించాలన్నది దాని సారాంశం. విద్యార్థి సంఘం హైకోర్టుకు వెళ్లింది. క్రీడలకు, సభలకు, విద్యార్థుల అవసరాలకు ఉద్దేశించిన సొమ్మును జీతాలకు మళ్లించడంపై హైకోర్టు స్టే విధించింది. విద్యార్థి సొమ్ము విద్యార్థికి దక్కింది, మంచిదే. అధ్యాపకుని జీతం మాత్రం ఎక్కడి గొంగడి అక్కడే అన్నట్లు మిగిలిపోయింది.

2022లో దీన్‌దయాళ్ ఉపాధ్యాయ కళాశాల నిధుల కొరత కారణంగా అసిస్టెంటు ప్రొఫెసర్ల నెలజీతం నుంచి 30,000 రూపాయలు, అసోసియేట్ ప్రొఫెసర్ల జీతం నుంచి 50,000 రూపాయలు నిలిపి ఉంచుతున్నట్లు ప్రకటించింది. 2023 డిసెంబరులో ఢిల్లీ విద్యామంత్రి అతిషి కేంద్ర విద్యామంత్రికి లేఖ రాస్తూ, ఈ కళాశాలలు పూర్తిగా ఢిల్లీ ప్రభుత్వ అధీనంలోకైనా రావాలి, లేదా కేంద్రమే వాటిని స్వీకరించాలి అన్నారు. విశ్వవిద్యాలయం నుంచి విడదీస్తే తమ భవితవ్యం ఏమిటని అధ్యాపకులు ఆందోళనకు దిగారు. 2025 ఫిబ్రవరి ఎన్నికలలో ఢిల్లీలో ప్రభుత్వం మారింది. కాని ప్రభుత్వాలు మారినంత మాత్రాన నిధులు ఒకచోట, అధికారం మరొకచోట ఉన్న ఏర్పాటు మారదు.

ప్రజాధనానికి లెక్కలు అడిగే హక్కు ప్రభుత్వానికి ఉన్నదనడంలో నాకు సందేహం లేదు. ఆడిట్ జరపవచ్చు, ప్రిన్సిపాలును నిలదీయవచ్చు, తప్పు తేలితే శిక్షించవచ్చు. కాని లెక్కల తగాదా ప్రిన్సిపాలుకూ సచివాలయానికీ మధ్య నడుస్తుంటే, తరగతి గదిలో పాఠం చెబుతున్న మనిషి ఇంట్లో పొయ్యి ఎందుకు ఆరిపోవాలి?

ఐటీవో కూడలిలో నిలబడి చూస్తే ఈ కథలోని పాత్రధారులందరూ దగ్గర దగ్గరగానే కనబడతారు. బహదూర్ షా జఫర్ మార్గంలో గ్రాంట్ల సంఘం, ఆవలి వైపు ఇంద్రప్రస్థ ఎస్టేటులో ఢిల్లీ సచివాలయం, ఈవల తిలక్ మార్గంలో సుప్రీంకోర్టు, ఇంకొంచెం ముందుకు పోతే షేర్ షా రోడ్డులో ఢిల్లీ హైకోర్టు. కాలినడకన ఒక్క పూటలో నాలుగూ చుట్టి రావచ్చు. ఫైలు ఒక భవనం నుంచి మరొక భవనానికి చేరడానికి మాత్రం ఏళ్లు పడుతుంది.

గురువు కార్మికుడా?

ఫ్యాక్టరీలో పనిచేసే మనిషికి జీతం ఆగితే కార్మిక శాఖ ఉన్నది, లేబరు కోర్టు ఉన్నది. అధ్యాపకునికి ఆ తలుపు ఎందుకు మూసుకుపోయిందో తెలుసుకోవాలంటే కొంచెం వెనక్కి పోవాలి. 1963లో ఢిల్లీ విశ్వవిద్యాలయానికి సంబంధించిన రామ్‌నాథ్ కేసులో విద్య పరిశ్రమ కాదని సుప్రీంకోర్టు తీర్పు చెప్పింది. ఆ కేసు నడిపినది అధ్యాపకుడు కూడా కాదు, విశ్వవిద్యాలయ బస్సు డ్రైవరు. 1978లో బెంగళూరు నీటి సరఫరా సంస్థ కేసులో జస్టిస్ కృష్ణయ్యర్ ప్రధాన తీర్పు రాసిన ఏడుగురు న్యాయమూర్తుల ధర్మాసనం ఆ అభిప్రాయాన్ని తోసిపుచ్చి, విద్యాసంస్థ కూడా పరిశ్రమ నిర్వచనం కిందికి వస్తుందని ప్రకటించింది. అధ్యాపక లోకం సంతోషించింది. ఆ సంతోషం పదేళ్లు నిలిచింది.

1988లో గోవాకు చెందిన ఒక పాఠశాల ఉపాధ్యాయిని సుందరాంబాళ్ కేసులో జస్టిస్ ఇ.ఎస్. వెంకటరామయ్య ధర్మాసనం మరొక మెలిక విప్పింది. పాఠశాల పరిశ్రమే కావచ్చు గాని, అందులో బోధించే మనిషి ‘కార్మికుడు’ కాడు అన్నది. బోధన శారీరక శ్రమ కాదు, గుమాస్తా పని కాదు, సాంకేతిక పని కాదు, అది పవిత్రమైన వృత్తి అన్నది న్యాయస్థానం చెప్పిన కారణం. దీని ఫలితం ఏమంటే, ఒకే ఆవరణలో తోటమాలికీ బస్సు డ్రైవరుకూ పారిశ్రామిక వివాదాల చట్టం రక్షణ దొరికింది, అధ్యాపకునికి దొరకలేదు. పవిత్రత అన్న కిరీటం పెట్టి చట్టం ఇచ్చిన గొడుగు తీసివేశారన్నమాట.

గ్రాచ్యుటీ విషయంలోనూ ఇదే తంతు నడిచింది. ఉపాధ్యాయులు గ్రాచ్యుటీ చట్టంలోని ‘ఉద్యోగి’ నిర్వచనంలోకి రారని 2004లో సుప్రీంకోర్టు అహమ్మదాబాదు ప్రైవేటు ప్రాథమిక ఉపాధ్యాయుల కేసులో తేల్చింది. అయితే చట్టాన్ని సవరించడానికి పార్లమెంటుకు అడ్డు లేదని సూచించింది. పార్లమెంటు 2009లో చట్టాన్ని సవరించి, 1997 ఏప్రిల్ 3 నుంచే వర్తించేటట్లు చేసింది. ప్రైవేటు యాజమాన్యాలు ఆ సవరణను కూడా సవాలు చేశాయి. 2022 ఆగస్టులో సుప్రీంకోర్టు సవరణ చెల్లుతుందని నిర్ణయించింది. 1997లో రావలసిన హక్కుపై 2022లో వివాదం ముగిసింది. ఆ పాతికేళ్లలో పదవీ విరమణ చేసి కాలం చేసిన గురువుల సంఖ్య ఎవరు లెక్కించారు?

రిట్ అనే తలుపు

లేబరు కోర్టు లేనప్పుడు మిగిలినవి రెండే మార్గాలు. మొదటిది సివిల్ దావా. దానికి అడిగే మొత్తాన్ని బట్టి కోర్టు ఫీజు కట్టాలి, సాధారణంగా మూడేళ్ల లోపలి బకాయికే దావా వేయాలి, తీర్పుకు ఎన్నేళ్లు పడుతుందో వేసినవారికీ తెలియదు. రెండవది రాజ్యాంగం 226వ అధికరణం కింద హైకోర్టులో రిట్. దీనికి ఖర్చు తక్కువ, వేగం ఎక్కువ. కాని ప్రైవేటు ట్రస్టుపై రిట్ చెల్లుతుందా అన్న చిక్కుముడి పదే పదే అడ్డం వచ్చింది. ఉత్తరప్రదేశ్‌లోని శామ్లీకి చెందిన వైశ్య డిగ్రీ కళాశాల కేసులో 1970ల నడుమ సుప్రీంకోర్టు, కళాశాల పాలకవర్గం చట్టం ద్వారా పుట్టిన సంస్థ కాదు గనుక దాని ఉద్యోగిని బలవంతంగా తిరిగి చేర్పించలేమన్నది.

ఈ గోడను బద్దలు కొట్టినది అహమ్మదాబాదు అధ్యాపకులు. అక్కడ ఒక ధార్మిక ట్రస్టు విజ్ఞాన శాస్త్ర కళాశాల నడిపేది. వేతన స్కేళ్లపై వచ్చిన తగాదా విశ్వవిద్యాలయ చాన్సలర్ వద్దకు మధ్యవర్తిత్వానికి వెళ్లింది. తీర్పు అధ్యాపకులకు అనుకూలంగా వచ్చింది. దానిని అమలు జరపడానికి ఇష్టపడని ట్రస్టు 1975లో ఏకంగా కళాశాలనే మూసివేసింది. బకాయి జీతాలు, మూసివేత పరిహారం ఇవ్వాలని అధ్యాపకులు హైకోర్టుకు వెళ్లారు. మేము ప్రైవేటు ట్రస్టు, మాపై రిట్ చెల్లదన్నది యాజమాన్యం వాదన. రుడానీ కేసుగా పేరుపొందిన ఈ వివాదంలో 1989లో జస్టిస్ జగన్నాథ శెట్టి రాసిన తీర్పు నేటికీ అధ్యాపకుల పాలిట ఆయుధం. సంస్థ ఎవరిదన్నది ముఖ్యం కాదు, అది నిర్వహిస్తున్న విధి ఎటువంటిది, ఎవరికి బాధ్యత పడి ఉన్నది అన్నదే ముఖ్యం అని ఆ తీర్పు తేల్చింది. విశ్వవిద్యాలయ గుర్తింపు పొంది, ప్రజాధనం స్వీకరించి, విద్యాబోధన అనే ప్రజావిధిని నిర్వహించే సంస్థ జీతం దగ్గరకు వచ్చేసరికి ప్రైవేటు ముసుగు వేసుకోరాదన్నది దాని తాత్పర్యం. కళాశాల మూతపడిన పద్నాలుగేళ్లకు ఆ మాట వెలువడింది.

ఈ దారిలో మన తెలుగునాడు కూడా ఒక మైలురాయి నాటింది. మచిలీపట్నంలోని శ్రీ వెంకటేశ్వర హిందూ ఇంజనీరింగ్ కళాశాలలో దినవేతనంపై పనిచేసిన ప్రయోగశాల సహాయకులు ప్రభుత్వ ఉద్యోగులతో సమానంగా జీతం కోరుతూ వేసిన కేసు 1997లో సుప్రీంకోర్టుకు చేరింది. విద్యను అందించడం రాజ్యం బాధ్యత అయినప్పుడు, ఆ బాధ్యతలో పాలుపంచుకొనే ప్రైవేటు సంస్థ ఉద్యోగి తన జీతం కోసం 226వ అధికరణం కింద హైకోర్టును ఆశ్రయించవచ్చునని న్యాయస్థానం స్పష్టం చేసింది.

అయితే ఈ తలుపు ఇటీవల మళ్లీ కొంత దగ్గరకు వేయబడింది. 2022 ఆగస్టులో సెయింట్ మేరీస్ ఎడ్యుకేషన్ సొసైటీ కేసులో, విద్యాసంస్థ ప్రజావిధి నిర్వహిస్తున్నంత మాత్రాన ఉద్యోగితో దానికి ఉన్న ప్రతి తగాదా రిట్ పరిధిలోకి రాదనీ, సర్వీసు నిబంధనలకు చట్టబద్ధమైన ఆధారం ఉండాలనీ సుప్రీంకోర్టు చెప్పింది. కేవలం ఒప్పంద పత్రంపై పనిచేసే ప్రైవేటు అధ్యాపకుడు ఇప్పుడు తలుపు దగ్గరే ఆగి, లోనికి రావచ్చునా అని ముందుగా వాదించుకోవలసి ఉంటుంది. జీతం మాట తరువాత.

బీహారు నేర్పే పాఠం

జీతాలు లేని అధ్యాపకుల చరిత్ర ఎవరైనా రాస్తే అందులో పెద్ద అధ్యాయం బీహారుకు దక్కుతుంది. అక్కడ హిందీలో ‘విత్త రహిత్’ అనే మాట ఒకటి చలామణిలో ఉండేది. ప్రభుత్వం గుర్తింపు ఇస్తుంది, విశ్వవిద్యాలయం పరీక్షలు జరుపుతుంది, కాని నిధులు మాత్రం ఇవ్వరు. అటువంటి కళాశాలల్లో చేరిన వారు ఎప్పటికైనా ప్రభుత్వం స్వీకరించకపోతుందా అన్న ఆశతో నామమాత్రపు సొమ్ముకు ఏళ్లకేళ్లు పాఠాలు చెప్పారు. 2008లో ఆ విధానానికి స్వస్తి చెప్పి, ఉత్తీర్ణులైన విద్యార్థుల సంఖ్యను, శ్రేణిని బట్టి గ్రాంటు ఇచ్చే పద్ధతి ప్రవేశపెట్టారు. అంటే గురువు ఆదాయం విద్యార్థి మార్కులకు ముడిపడింది. మార్కులు వేసేదీ గురువే అయినచోట ఇది ఎటు దారితీస్తుందో వివరించనక్కరలేదు.

అంతకు ముందు 1980ల నడుమ బీహారు ప్రభుత్వం నాలుగో విడతగా నలభై అనుబంధ కళాశాలలను విశ్వవిద్యాలయాల ప్రత్యక్ష అధీనంలోకి తెచ్చింది. సంస్థలు మారాయి. అందులోని అధ్యాపకుల్లో ఎవరిని క్రమబద్ధం చేయాలి, ఎప్పటినుంచి జీతం ఇవ్వాలన్నది తేలలేదు. వ్యాజ్యం సుప్రీంకోర్టుకు చేరింది. విశ్రాంత న్యాయమూర్తి ఎస్.సి. అగ్రవాల్ నాయకత్వంలో కమిషన్ ఏర్పడింది. 2004లో తీర్పు వచ్చింది. ఈలోగా 2000లో రాష్ట్రమే రెండుగా చీలి కొన్ని కళాశాలలు ఝార్ఖండ్‌కు వెళ్లాయి. తీర్పును ఎలా అన్వయించాలన్న దానిపై కొత్త వ్యాజ్యాలు పుట్టాయి. ఎస్.బి. సిన్హా నాయకత్వంలో మరొక కమిషన్ వచ్చింది. 2017లో మరొక తీర్పు వచ్చింది. ముప్పై ఏళ్లు దాటిన ఈ ప్రయాణంలో నియామకపు నాడు యువకులుగా ఉన్నవారు వృద్ధులయ్యారు. కొందరి తరఫున వారసులు కాగితాలు పట్టుకు తిరిగారు.

ఈ సందర్భంలో కపిలా హింగోరానీని తలచుకోకుండా ఉండలేము. విచారణ ఖైదీల విముక్తికై 1979లో హుస్సేనారా ఖాతూన్ కేసు నడిపి ప్రజాప్రయోజన వ్యాజ్యాలకు నాంది పలికిన న్యాయవాది ఆమె. బీహారు ప్రభుత్వ రంగ సంస్థల ఉద్యోగులు ఏళ్ల తరబడి జీతాలు అందక ఆకలితో మరణిస్తున్నారనీ, ఆత్మాహుతికి పాల్పడుతున్నారనీ పత్రికల్లో చదివి ఆమె సుప్రీంకోర్టుకు వెళ్లారు. కంపెనీ వేరు, ప్రభుత్వం వేరు అన్న రాష్ట్రం వాదనను 2003 మే తీర్పులో న్యాయస్థానం అంగీకరించలేదు. తాత్కాలిక ఉపశమనంగా 50 కోట్ల రూపాయలు హైకోర్టులో జమ చేయవలసిందిగా ఆదేశించింది. ఆ కేసు అధ్యాపకులది కాదు. కాని జీతం నిలిపివేయడం జీవించే హక్కును హరించడమే అన్న సూత్రం అధ్యాపకునికీ వర్తిస్తుంది.

ఇంత జరిగాక కూడా 2024లో బీహారు విద్యాశాఖ, తాను పిలిచిన సమావేశానికి ఉపకులపతులు రాలేదన్న కోపంతో విశ్వవిద్యాలయాల బ్యాంకు ఖాతాలను స్తంభింపజేసింది. సమావేశానికి రానిది ఉపకులపతులు. జీతాలు, పింఛన్లు ఆగినది వేలాదిమంది అధ్యాపకులకూ ఉద్యోగులకూ. మే నెలలో పాట్నా హైకోర్టు జోక్యం చేసుకొనేవరకు ఆ కోపం చల్లారలేదు.

మన ఇంటి సంగతి

బీహారును చూసి తెలుగువారు ముక్కున వేలేసుకోవలసిన పనిలేదు. కరోనా కాలంలో ఆంధ్రప్రదేశ్ ప్రభుత్వం 2020 మార్చి, ఏప్రిల్ నెలల జీతాలు, పింఛన్లలో కొంత భాగాన్ని వాయిదా వేసింది. విశ్రాంత జిల్లా జడ్జి ఒకరు దీనిని సవాలు చేయగా, హైకోర్టు నూటికి పన్నెండు వంతుల వడ్డీతో చెల్లించమన్నది. రాష్ట్రం సుప్రీంకోర్టుకు వచ్చింది. 2021 ఫిబ్రవరిలో సుప్రీంకోర్టు వడ్డీని ఆరు వంతులకు తగ్గించింది గాని, అసలు సూత్రాన్ని మాత్రం గట్టిగా నిలబెట్టింది. చేసిన సేవకు జీతం, చట్టం ప్రకారం పింఛను ఉద్యోగి హక్కులు, ఆలస్యానికి వడ్డీ ప్రభుత్వం మోయవలసిందే అన్నది. పింఛను ప్రభుత్వ దయాదానం కాదు, ఆస్తిహక్కు అని 1971లోనే దేవకీనందన్ ప్రసాద్ కేసులో చెప్పారు. ఆ కేసులో పిటిషనరు కూడా బీహారు విద్యాశాఖ ఉద్యోగే కావడం గమనార్హం.

2021 ఆగస్టులో ఆంధ్రప్రదేశ్ ప్రభుత్వం ఎయిడెడ్ కళాశాలల అధ్యాపకులను ప్రభుత్వ కళాశాలల్లోకి తీసుకునే విధానం ప్రకటించినప్పుడు, అధ్యాపకునికి జీతభద్రత దొరికినా తాము చదివే కళాశాల ఏమవుతుందని విద్యార్థులు వీధులకెక్కారు. తరువాత ప్రభుత్వం యాజమాన్యాలకు తమ నిర్ణయాన్ని వెనక్కు తీసుకునే అవకాశం ఇవ్వవలసి వచ్చింది. తెలంగాణలో 2021 వేసవిలో పాఠశాలలు మూతపడి వీధిన పడిన ప్రైవేటు ఉపాధ్యాయులకు ప్రభుత్వం నెలకు 2,000 రూపాయలు, 25 కిలోల బియ్యం ఇచ్చింది. ఆకలి వేళ అది ఆదరువే. కాని జీతపు హక్కు బియ్యపు బస్తాగా మారిన రోజు అది.

రెండు రాష్ట్రాల్లోనూ ప్రైవేటు ఇంజనీరింగ్, డిగ్రీ కళాశాలల యాజమాన్యాలు వల్లించే మాట ఒకటే. ఫీజు రీయింబర్స్‌మెంటు బకాయిలు ప్రభుత్వం నుంచి రాలేదు, వచ్చాక జీతాలిస్తాము అంటారు. ప్రభుత్వాలు బకాయి పడుతున్నది నిజమే. కాని భవనాలకూ ప్రకటనలకూ దొరికే డబ్బు నెలాఖరున అధ్యాపకునికి ఎందుకు దొరకదన్నది కూడా అడగవలసిన ప్రశ్నే.

ఆ మధ్య హైకోర్టు వసారాలో ఒక తెలుగు అధ్యాపకుడు కనిపించారు. ఉద్యోగరీత్యా ఢిల్లీలో స్థిరపడ్డ మనిషి. వాయిదా పడిన కేసు కాగితాలు సంచిలో సర్దుకుంటూ, “ఏమండీ, ఫీజు కట్టని పిల్లల జాబితా తరగతిలో చదివి వినిపించమని మా ఆఫీసువారు నాకు పంపేవారు. ఈ ఏడాది మా అబ్బాయి కాలేజీలో చదివిన జాబితాలో వాడి పేరుంది. నేను చదివిన పేర్లన్నీ ఒక్కసారి గుర్తుకొచ్చాయండీ” అన్నారు. దావా ఎంతకు వేశారో, వాయిదా ఎన్నడో చెప్పలేదు. నేనూ అడగలేదు.

గెలిచినా చేతికందదు

కేసు గెలవడం ఒక ఎత్తు, సొమ్ము రాబట్టడం మరొక ఎత్తు. తీర్పు వచ్చాక ప్రభుత్వం అప్పీలుకు వెళుతుంది. అప్పీలు ఓడితే పునఃపరిశీలన కోరుతుంది. అదీ ఓడితే ఊరకుంటుంది. అప్పుడు అధ్యాపకుడు కోర్టు ధిక్కార పిటిషన్ వేయాలి. అది కూడా ఏడాది లోపల వేయాలన్న నియమం ఉన్నది. ఆలస్యంగా కోర్టుకు వెళ్లినవారికి బకాయిలు సాధారణంగా పిటిషన్‌కు ముందటి మూడేళ్లకే పరిమితం చేస్తారు. అంటే ఎవరు ఎక్కువ ఓపిక పట్టారో వారే ఎక్కువ నష్టపోతారు.

వేతన సవరణల సందర్భంలో కేంద్రం పోషించే పాత్ర కూడా నిర్దోషమైనది కాదు. 2006 నాటి స్కేళ్ల అమలుకు అదనపు భారంలో ఎనభై వంతులు 2010 మార్చి వరకు భరించిన కేంద్రం, 2016 నాటి స్కేళ్ల వేళ తన వాటాను యాభై వంతులకు తగ్గించి, 2019 మార్చితో సరిపెట్టింది. స్కేళ్లు ఢిల్లీలో ప్రకటిస్తారు, ఆ తరువాతి భారం రాష్ట్రాల నెత్తిన పడుతుంది. ఖజానా బరువెక్కిన రాష్ట్రం శాశ్వత నియామకాలు ఆపివేసి గెస్టు లెక్చరర్లనూ కాంట్రాక్టు లెక్చరర్లనూ పెట్టుకుంటుంది.

ఈ చివరి వర్గం గోడు 2025 ఆగస్టులో సుప్రీంకోర్టు ముందుకు వచ్చింది. గుజరాత్ ప్రభుత్వ ఇంజనీరింగ్ కళాశాలల్లో కాంట్రాక్టు అసిస్టెంటు ప్రొఫెసర్లకు నెలకు 30,000 రూపాయలు ఇస్తున్నారు. అదే పాఠం, అదే తరగతి, అదే పని చేసే శాశ్వత అధ్యాపకుల జీతం లక్ష రూపాయలకు పైన. జస్టిస్ నరసింహ, జస్టిస్ బాగ్చీల ధర్మాసనం వీరికి కనీస స్కేలు ఇవ్వాలనీ, పిటిషన్‌కు ముందటి మూడేళ్ల నుంచి బకాయిలను ఎనిమిది వంతుల వడ్డీతో చెల్లించాలనీ ఆదేశించింది. బహిరంగ సభల్లో గురువును దైవంగా కీర్తించే శ్లోకం చదివితే చాలదు, ఆ గౌరవం వారితో వ్యవహరించే తీరులో కనబడాలన్న భావాన్ని న్యాయమూర్తులు వ్యక్తం చేశారు. ఇన్ని దశాబ్దాల తీర్పుల్లో అధ్యాపకుని మనసుకు ఇంత దగ్గరగా వచ్చిన మాట మరొకటి లేదనిపించింది.

దారి లేక కాదు

ఈ చిక్కు విడదీయడానికి మార్గం లేదనుకుంటే పొరపాటు. ఉత్తరప్రదేశ్ 1971లోనే హైస్కూళ్లు, ఇంటర్మీడియట్ కళాశాలల ఉపాధ్యాయుల జీతాల చెల్లింపుకు ప్రత్యేక చట్టం చేసింది. యాజమాన్యమూ విద్యాశాఖాధికారీ కలిసి సంతకం చేసే ఉమ్మడి ఖాతా నుంచి జీతాలు పోవాలన్నది ఏర్పాటు. ఆ జీతాలకు బాధ్యత రాష్ట్ర ప్రభుత్వానిదేనని ఆ చట్టం స్పష్టంగా రాసింది. కేరళలో అచ్యుత మీనన్ ప్రభుత్వం 1972లో ప్రైవేటు కళాశాలల అధ్యాపకులకు నేరుగా జీతాలు చెల్లించే పద్ధతి తెచ్చింది. యాజమాన్యం దయతో నిమిత్తం లేకుండా జీతం చేతికి అందేటట్లు చేసిన ఏర్పాట్లు ఇవి. లోపాలు లేవని కాదు. కాని జీతం ఎవరివ్వాలన్న ప్రశ్నకు చట్టంలోనే జవాబు ఉంటే సగం వ్యాజ్యాలు పుట్టనే పుట్టవు.

మిగిలిన సగానికి ప్రత్యేక ట్రిబ్యునళ్లు కావాలి. 2002లో టి.ఎమ్.ఏ. పాయ్ ఫౌండేషన్ కేసులో పదకొండుగురు న్యాయమూర్తుల ధర్మాసనం ప్రైవేటు విద్యాసంస్థల సిబ్బంది వివాదాలకు జిల్లా స్థాయిలో విద్యా ట్రిబ్యునళ్లు ఉండాలని సూచించింది. కపిల్ సిబల్ విద్యామంత్రిగా ఉండగా 2010లో విద్యా ట్రిబ్యునళ్ల బిల్లు లోక్‌సభలో నెగ్గింది. రాజ్యసభలో దానికి ఎదురుగాలి వీచింది. విచిత్రమేమంటే గట్టిగా ప్రశ్నించిన వారిలో పాలకపక్షానికే చెందిన మన కె. కేశవరావు ఒకరు. రాష్ట్రాల అధికారాల గురించి, బిల్లులోని లోపాల గురించి వచ్చిన అభ్యంతరాలు కొట్టివేయదగినవి కావు. కాని లోపాలు దిద్ది తిరిగి తెచ్చే శ్రద్ధ ఆ ప్రభుత్వానికి లేకపోయింది. ఆ బిల్లు చట్టం కాలేదు.

1982లో ఆసియా క్రీడల కోసం ఇదే ఢిల్లీ నగరంలో స్టేడియాలు కట్టిన కూలీల కేసులో, కనీస వేతనం ఇవ్వకుండా పని చేయించుకోవడం వెట్టిచాకిరీయే అని జస్టిస్ భగవతి తీర్పు చెప్పారు. ఇటుకలు మోసిన మనిషికి వర్తించిన ఆ న్యాయం పాఠం చెప్పే మనిషికి వర్తించదని ఏ రాజ్యాంగంలోనూ రాసి లేదు. పూర్వం గురుకులంలో శిష్యుడు చదువు ముగిశాక దక్షిణ ఇచ్చేవాడు. అది ఇచ్చేవాని శక్తిపైన, భక్తిపైన ఆధారపడేది. జీతం అటువంటిది కాదు. అది నెల తిరగగానే తీర్చవలసిన బాకీ. ఆ బాకీని పక్కన పెట్టి ఉపాధ్యాయ దినోత్సవం నాడు శాలువాలు కప్పే ప్రభుత్వాలు, యాజమాన్యాలు ఒక్క సంగతి గుర్తుంచుకోవాలి. జీతం అందని గురువు తరగతిలో నిలబడి న్యాయం గురించి, రాజ్యాంగం గురించి చెప్పే పాఠం కన్నా, అతని ఖాళీ చేతులు చెప్పే పాఠాన్ని పిల్లలు త్వరగా నేర్చుకుంటారు.